పోయిందా, పోయిండా

నన్ను అబద్ధాలకోరు అన్నది మా తోటికోడలు కాదు, పక్క పీట మీద అమ్మేది కాదు, సాక్షాత్తు జడ్జి. నోటితో అని ఊరుకుంటే నేనూ నాలుగు అనేసి ఊరుకునేదాన్ని. ఆయన కాగితం మీద రాశాడు. నలభై రెండు పేజీల తీర్పులో ఇరవై తొమ్మిదో పేజీ మీద, రెండో సాక్షి సక్కుబాయి చెప్పింది నమ్మదగ్గది కాదు అని ఇంగ్లీషులో ఉందట. ఆ రెండో సాక్షిని నేనే.

ఇబ్రహీంపట్నంలో చేపలు కొనే ఎవరినైనా అడగండి, సక్కుబాయి ఎవరో చెబుతారు. ఇరవై ఆరేళ్ళుగా రోడ్డు పక్కన అదే పీట, అదే కత్తి. నా నోరు మంచిది కాదంటారు, ఒప్పుకుంటాను. కానీ నా కన్ను మంచిది. పొద్దున్నే పెద్ద చెరువు కట్ట మీద నిలబడి, నీళ్ళ మీద ఆవగింజంత కనిపించే తెప్పను చూసి అది ఎవరిదో చెప్పేస్తాను. తక్కినవాళ్ళు కళ్ళు చిట్లించుకుంటూ ఉండగానే నేను ఎదురెళ్ళి రవ్వలు, బొచ్చెలు బేరం చేసేసుకుంటాను. మా తెప్పలేమీ పడవలు కావు. నాలుగు థర్మాకోల్ దిమ్మెలు కలిపి కట్టి, పైన ఏది దొరికితే అది చుడతారు. లింగం తెప్పకు నీలం టార్పాలిన్, జంగా తెప్పకు యూరియా బస్తాలు, బాలేష్ తెప్పకు ఎవరింటి గృహప్రవేశానిదో ఫ్లెక్సీ. ఒకరి తెప్పను ఇంకొకరు ముట్టరు. ముడితే పరాయివాడి పెళ్ళాం చెయ్యి పట్టుకున్నంత లొల్లి అవుతుంది.

రెండేళ్ళ కింద మాఘమాసంలో బాలేష్ చనిపోయాడు. మా చేపల సంఘం తరఫున చెరువు కావలి అతనిదే. ముప్పై నాలుగేళ్ళ మనిషి, మా వాడకట్టులోనే నాలుగిళ్ళ అవతల ఉండేవాడు. అతని భార్య యశోద నన్ను అక్క అంటుంది. ఒకనాడు పొద్దున అవతలి ఒడ్డున పాత తూము దగ్గర నీళ్ళలో బోర్లా తేలాడు, తల వెనక పగిలి ఉంది. అంతకు రెండు రోజుల ముందే, లింగం సన్నకండ్ల వల వేసి పిల్లచేపలను ఊడుస్తున్నాడని, బాలేష్ ఆ వలను కత్తితో కోసేశాడు. కట్ట మీద అందరం చూస్తుండగా ఇద్దరూ గల్లాలు పట్టుకున్నారు. ఇంకేం కావాలి? నిప్పు లేనిదే పొగ రాదు కదా. దానికి తోడు, శవం తేలడానికి ముందురోజు పొద్దుగూకే వేళ నేను కట్ట మీదే ఉన్నాను, లింగం అవతలికి పోవడం చూశాను. ఆ పొద్దున 'లింగమే సంపిండు' అని మొట్టమొదట అరిచింది నేనే. పోలీసులు వచ్చి అడిగితే వాళ్ళకూ చెప్పాను. ఒక కానిస్టేబుల్ తల ఎత్తకుండా నా మాట నోట్లోంచి ఎలా ఊడిపడితే అలాగే రాసుకున్నాడు. దాని మీద నా సంతకం కూడా తీసుకోలేదు.

లింగం తెప్ప తుంగలో ఇరుక్కుని దొరికింది. గుంజకు కట్టేసి లేదు. పారిపోయే తొందరలో కట్టలేదన్నారు పోలీసులు. అవునన్నాను నేను. ఆ సాయంత్రం యాచారంలో మా అక్క ఇంట్లో ఉన్నానని లింగం మొత్తుకున్నాడు. అక్క కాక ఇంకెవరు చెబుతారులే నీ తరఫున అని నవ్వుకున్నాం. పద్నాలుగు నెలలు జైల్లో ఉండి, బెయిలు మీద బయటికొచ్చాడు.

కోర్టులో లింగం తరఫు వకీలు నా కళ్ళద్దాల వైపు చూసి, "అవి ఎన్నేండ్ల సంది పెట్టుకుంటున్నవమ్మా?" అని మొదలుపెట్టాడు. చెరువు ఎంత వెడల్పు, అప్పుడు వెలుతురెంత, నీకు వయసెంత. ఒక్కో ప్రశ్నకు నా ఒళ్ళు మండుతూ వచ్చింది. చివరికి పెదవి వంకర పెట్టి, "గంత దూరం నుంచి మనిషి ముఖం చూసినవా? నిజంగ అవుపడ్డదా?" అన్నాడు. అరికాలి మంట నెత్తికెక్కింది.

"చూసిన. ఇప్పుడు నిన్ను చూస్తున్నట్టే చూసిన. నీ మూతి మీది పుట్టుమచ్చ గూడ అవుపడుతుంది నాకు" అన్నాను.

హాల్లో అందరూ నవ్వారు. గెలిచాననుకుని దర్జాగా కిందికి దిగాను. జడ్జి నవ్వలేదన్న సంగతి అప్పుడు పట్టించుకోలేదు. ముఖం చూశానని ఈమె పోలీసులకు ఎందుకు చెప్పలేదు, ఆ దూరంలో ఆ వెలుతురులో ఎవరికైనా ముఖం ఎలా కనిపిస్తుంది అని ఆయన తీర్పులో రాశాడు. దెబ్బ ఎవరో కొట్టింది కావచ్చు, తూము రాయి మీద పడి తగిలింది కావచ్చు అని దవాఖాన డాక్టర్ చెప్పిన మాట కూడా రాశాడు. లింగాన్ని నిర్దోషి అని వదిలేశాడు.

ఆనాటి నుంచి నా బతుకు నవ్వులపాలైంది. "సక్కక్కా, గీ రవ్వ ఇయ్యాల్టిదేనా, జడ్జి సాబ్‌ను అడగాల్నా?" అని చేప మొప్ప ఎత్తి చూస్తూ అడిగేవాడు ఒకడు. తూకం మీద అనుమానం, తాజాదనం మీద అనుమానం. నాకు మాత్రం అందరి మీదా అనుమానం పుట్టింది. నన్ను అన్ని ప్రశ్నలు వేస్తుంటే ప్రభుత్వ వకీలు ఎందుకు లేచి అడ్డు చెప్పలేదు? దర్యాప్తు చేసిన ఎస్సై అంత తొందరగా ఎందుకు బదిలీ అయిపోయాడు? అన్నిటికంటే, యశోద ఎందుకు నోరు మెదపడం లేదు? చనిపోయినవాడి భార్యకు హైకోర్టులో అప్పీలు చేసుకునే హక్కుందని ఎవరో చెబితే నేనే ఆమె చెవిలో వేశాను. రేపంటుంది, మాపంటుంది. వంకాయ తోటలో కూలికి పోవాలంటుంది. పైగా ఒకరోజు రేషన్ దుకాణం దగ్గర లింగం తల్లితో మాట్లాడుతూ నా కంట పడింది. నన్ను చూడగానే ఇద్దరూ మాట ఆపేశారు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు ఉంది ఆ వాలకం. లింగం వాళ్ళతో రాజీ కుదిరిందని నాకు తేలిపోయింది.

"ఏమే, నీ మొగని ప్రాణం గింతేనా నీకు?" అని ఇంటి మీదికి పోయి అడిగాను.

"గట్ల మాట్లాడకక్కా" అన్నది యశోద.

"మరెట్ల మాట్లాడాలె? గడువు దాటిపోతుంది. నడువు, వకీలు కాడికి పోదాం."

చెయ్యి పట్టుకుని బస్సెక్కించాను. వనస్థలిపురం దాకా ఆమె కిటికీలోంచి బయటికే చూసింది. నేను ఆమెనే చూశాను.

వకీలు జనార్దనరావుగారు కోస్తా వైపు నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడ్డాయన. అరవై దాటిన మనిషి, మెత్తగా మాట్లాడతాడు. తీర్పు, కేసు కాగితాలు అన్నీ ముందే తెప్పించుకుని చదివాడు. ఆయన దగ్గర లాస్య అనే జూనియర్ అమ్మాయి ఉంది, వాళ్ళ వైపు పిల్లే.

"చూడమ్మా," అన్నాడు ఆయన, "శిక్ష పడ్డవాడు వేసే అప్పీలు వేరు, వదిలేసినవాడి మీద వేసే అప్పీలు వేరు. నేరం రుజువయ్యే దాకా ఎవడైనా నిర్దోషే, అది ఒక బలం. కోర్టు కూడా నిర్దోషే అని తేల్చింది, అది రెండో బలం. సాక్ష్యాన్ని రెండు రకాలుగా అర్థం చేసుకునే వీలుంటే ముద్దాయికి మేలు చేసేదే నిలుస్తుంది. జడ్జిగారి ఆలోచన మరీ అడ్డగోలుగా ఉందని చూపిస్తే తప్ప హైకోర్టు వేలు పెట్టదు."

"అడ్డగోలుగనే ఉంది సారూ! నన్ను అబద్ధాలకోరు అన్నడు. నా మాట పోయింది. గది జర వాపస్ ఇప్పియ్యిండ్రి."

ఆయన కళ్ళజోడు తీసి నా వైపు చూశాడు. "మీ మాట కోసం అప్పీలు వెయ్యరమ్మా. అతనికి శిక్ష పడాలని వేస్తారు. జీవితఖైదు."

"పడనియ్యుండ్రి" అన్నాను. యశోద ఏమీ అనలేదు. ఆమె అననందుకు నాకు ఇంకా కోపం వచ్చింది.

ఆయనకు ఫోన్ వస్తే లేచి లోపలి గదిలోకి వెళ్ళాడు. కాగితాలు ఒకసారి మాతో సరిచూడమని లాస్యకు చెప్పాడు. ఆ పిల్ల పెన్సిల్ పట్టుకుని నా పోలీసు వాంగ్మూలం తీసింది.

"అమ్మా, ఇందులో రాత తప్పులు చాలా ఉన్నాయండీ. ఇదిగో, 'పొద్దుగూకంగ లింగం అవుతలి ఒడ్డుకు పోయింది, జర సేపటికి మళ్ళ వచ్చింది' అని రాశారు. పోయాడు, వచ్చాడు అని ఉండాలి కదా. లేకపోతే మీ వైపు మగవాళ్ళను కూడా ఇలాగే అంటారా?"

ఒళ్ళు మండింది నాకు. "ఏందమ్మా, మాకు ఆడేదో మొగేదో తెల్వదా? మొగోన్ని పట్టుకొని పోయింది అని ఎవలన్న అంటరా? పోయిండు అంటం."

"మరి ఇక్కడ పోయింది అనే ఉందండీ."

"గది మనిషి గాదు బిడ్డా, తెప్ప. చెరువు కాడ తెప్పకు వేరే పేరుండదు. ఎవ్వనిదైతే వాని పేరే దానికి. లింగం వచ్చింది అంటే లింగం తెప్ప వచ్చిందని. జంగా ఎండుతుంది అంటే జంగా తెప్ప ఒడ్డుకు ఎండుతుందని. గింత సదువు సదివినవ్, గిదిగూడ తెల్వకపాయె!"

నేనే నవ్వాను. లాస్య నవ్వలేదు. పెన్సిల్ కింద పెట్టింది.

"అంటే పోలీసులకు మీరు చెప్పింది తెప్ప పోయిందని. లింగం పోయాడని కాదు."

"తెప్ప పోతే మనిషి పోయినట్టే గదా! ఎవ్వని తెప్ప మీద వాడే పోతడు."

"కోర్టులో మీరు చెప్పింది ఇంగ్లీషులో టైపు చేశారండీ. ఇంగ్లీషులో పోయాడుకీ పోయిందికీ ఒకటే మాట. అందుకే ఎవరికీ తేడా తెలియలేదు." ఆమె మళ్ళీ కాగితం మీదికి వంగింది. "తర్వాత, 'వచ్చేటప్పుడు దాని మీద మనిషి అవుపడలే' అని కూడా రాసి ఉంది. అలా చెప్పారా మీరు?"

చెప్పాను. చెప్పిన సంగతే మరిచిపోయాను. ఎర్రటి నీళ్ళ మీద నల్లగా ఒక ముక్క, గాలి ఇటు కొడుతుంటే అడ్డం తిరుగుతూ వచ్చింది. పోయేటప్పుడు నిలబడ్డ ఆకారం ఒకటి ఉంది, వచ్చేటప్పుడు లేదు.

"అవుపడకుంట పండుకొని వచ్చిండు" అన్నాను.

"పడుకుని ఉండటం చూశారా?"

"ఏందమ్మా, నువ్వు గూడ గా వకీలు లెక్కనే అడుగుతున్నవ్!"

"హైకోర్టులో ఇంతకంటే గట్టిగా అడుగుతారండీ. మిమ్మల్ని కాదు, మా సార్‌ని" అని ఆ పిల్ల ఇంకో కాగితం తీసింది. "సరే, ఇది యశోదగారిది. 'నా భర్త మధ్యాహ్నం అన్నం తిని బయలుదేరేటప్పుడు, ఇయ్యాల లింగంను గుంజుకపోయి పాత తూము కాడ కట్టేస్త, గప్పుడు గాని వానికి బుద్ధి రాదు, అన్నాడు.' హత్యకు ముందు వాళ్ళిద్దరి మధ్య పగ ఉందని చూపించడానికి ఇదే వాడుకున్నారు."

ఆ మాట నేను వినడం అదే మొదటిసారి. యశోద బోను ఎక్కినప్పుడు నన్ను హాలు బయట బెంచీ మీద కూర్చోబెట్టారు. ఒక సాక్షి చెప్పేది ఇంకో సాక్షి వినకూడదట. రెండేళ్ళుగా పక్కపక్కనే ఉన్నాం, ఏడ్చాం, లింగాన్ని తిట్టాం. బాలేష్ చివరిగా ఏమన్నాడని నేను ఏనాడూ అడగలేదు. నాకు తెలిసినదే చాలనుకున్నాను.

లింగంను గుంజుకపోయి కట్టేస్త. మనిషిని ఎవరైనా తూముకు కట్టేస్తారా? కట్టేసేది తెప్పను. సన్నకండ్ల వల వేసినవాడి తెప్పను జప్తు చేస్తే నెల రోజులు నీళ్ళలోకి దిగలేడు. ఒకరి తెప్పను ఇంకొకరు ముట్టరు నిజమే, కానీ కావలివాడు ముట్టొచ్చు. బాలేష్ తెప్ప ఆ సాయంత్రం ఒడ్డునే కట్టేసి ఉంది, నేనే చూశాను. కట్ట మీది నుంచి నడిచి తూము దగ్గరికి పోయాడని అందరం అనుకున్నాం. నీలం టార్పాలిన్ మీద నిలబడి పోయిన ఆకారం లింగమే అని నాకు ఎవరు చెప్పారు? తెప్ప చెప్పింది. అంతకు మించి ఎవరూ చెప్పలేదు.

యశోద వైపు చూశాను. ఆమె నేల చూపులు చూస్తోంది. దీనికి ముందే తెలుసు, దొంగముఖంది, అనుకున్నాను. నా మీద నాకు వచ్చే కోపాన్ని ఆమె మీదికి తోసెయ్యడానికి అంత కంగారు పడ్డాను.

జనార్దనరావుగారు బయటికి వచ్చి, "వకాలత్‌నామా మీద సంతకం పెట్టించావా లాస్యా?" అన్నాడు. ఆ పిల్ల చెప్పబోయింది గానీ ఆయన అప్పటికే కాగితం యశోద ముందుకు జరిపి పెన్ను చేతికిచ్చాడు.

యశోద పెన్ను పట్టుకుని, సంతకం పెట్టకుండా నా వైపు తిరిగింది.

"అక్కా, ఒక్క మాట అడుగుత. నువ్వు లింగం ముఖం చూసినవ్ గదా?"

"గిప్పుడెందుకే గవన్నీ?"

"చూసినవంటే పెడత. చూడలేదంటే పెట్ట."

"ఇప్పుడు దాంతో పని లేదమ్మా" అన్నాడు జనార్దనరావుగారు. "హైకోర్టులో మళ్ళీ మొదటి నుంచి సాక్ష్యం చెప్పించరు. రికార్డు మీద ఉన్నదే చూస్తారు. చూశాననే ఉంది రికార్డులో."

"మీరు జర ఆగుండ్రి సారూ. నేను అక్కను అడుగుతున్న."

చూసిన అంటే చాలు. ఒక్క మాట. ఆ తీర్పు కొట్టేస్తే నా మాట నిలబడుతుంది, పీట దగ్గర నవ్వేవాళ్ళ నోళ్ళు మూతపడతాయి. చూడలేదంటే జడ్జి రాసింది అక్షరాలా నిజమని నేనే ఒప్పుకున్నట్టు.

"చూడలే" అన్నాను.

యశోద ఇంకా నా వైపే చూస్తోంది.

"చూడలేదే. గా వకీలు ఎకసెక్కం చేస్తే కోపానికి అన్న. తెప్పను చూసిన. గంతే."

ఆమె పెన్ను బల్ల మీద పెట్టింది. గొంతు పెంచలేదు. పెంచి ఉంటే నేను తట్టుకునేదాన్ని.

"ఆయన గా మాట అన్నప్పుడు తెప్పనే అంటున్నడని నాకు అనిపిచ్చింది. కని పొద్దుగాల కట్ట మీద నువ్వు లింగమే సంపిండని ఒర్రినవ్. పెద్దదానివి, నీకు తెల్సనుకున్న. కోర్టు నడిసినన్ని దినాలు నాకు అనుమానమే. ముఖం చూసిన అని నువ్వు చెప్పినవని తెల్వంగనే గా అనుమానం గూడ పోయింది. మల్ల జడ్జి సాబ్ నువ్వు చూడలేదన్నడు. గప్పటి సంది నిద్ర లేదు. రేషన్ దుకాణం కాడ లింగం తల్లి ఎదురువడితే ముఖం చూడలేకపోయిన. ఆమె ఏమన్నదో తెల్సా? నా కొడుకు పోలేదు బిడ్డా అన్నది, గంతే."

"నాకు ముందే చెప్తే అయిపోవు గదనే!"

"నువ్వు చెప్పనిస్తవా అక్కా?" అన్నది యశోద. "రెండేండ్లు నాతోని ఒక మనిషిని శాపాలు పెట్టిచ్చినవ్."

నాకు ఏడుపొచ్చింది. సిగ్గుతో వచ్చిన ఏడుపు అది. లాస్య తెప్ప సంగతి చెప్పగా విని జనార్దనరావుగారు కాగితాలు సర్దుకున్నాడు. "బాలేష్ తానే పడి చనిపోయాడని కూడా మనం అనలేం. ఎవరో ఒకరు ఉండి ఉండవచ్చు. తెలియదు. కానీ తెలియనిదాని మీద ఒక మనిషిని జైలుకి పంపమని నేను మాత్రం హైకోర్టుని అడగలేను" అన్నాడు. లాస్య మంచినీళ్ళ గ్లాసు నా ముందు పెట్టింది. తిరుగు బస్సులో యశోద ముందు సీట్లో, నేను వెనక సీట్లో కూర్చున్నాం.

మరునాడు పొద్దున లింగం ఇంటికి పోయాను. జైలు నుంచి వచ్చాక సంఘం అతన్ని చెరువులోకి దిగనివ్వలేదు. రావిర్యాల దగ్గర కట్టుబడి పనికి పోతున్నాడు. అన్నం డబ్బా చేత్తో పట్టుకుని ఆటో కోసం నిలబడి ఉన్నాడు. ముప్పై ఏళ్ళవాడు నలభై ఏళ్ళవాడిలా ఉన్నాడు. నన్ను చూసి ఒకడుగు వెనక్కి వేశాడు.

"లింగం, నేను నీ ముఖం చూడలే బిడ్డా. అబద్ధం చెప్పిన. తెప్పను చూసి నువ్వే అనుకున్న" అన్నాను. దారి పొడుగునా ఇంకా ఎన్నో మాటలు కూడబెట్టుకుని పోయాను. అంతే వచ్చింది.

అతను డబ్బా మూత బిగించుకున్నాడు. "నాకెందుకు చెప్తున్నవ్ పెద్దమ్మా? నేను పోలేదని నాకు ఎరుకే" అన్నాడు.

అతనే మళ్ళీ అందుకున్నాడు.

"జడ్జి సాబ్ ఇడిసిపెట్టి రెండు నెలలాయె. మన వాడకట్టుల ఒక్కలన్న ఇడిసిపెట్టిన్రా నన్ను? మా అవ్వ బోరింగు కాడికి పోతే బిందెలు పక్కకు జరుపుకుంటున్నరు. కట్ట మీద చెప్పు పోయి. లింగమే సంపిండని ఏ గొంతుతోని ఒర్రినవో, గా గొంతుతోనే చెప్పు."

ఆటో వచ్చింది. ఎక్కి వెనక్కి చూడకుండా పోయాడు.

ఆ రోజంతా నేను చెప్పకుండా తప్పించుకునే దారులు వెతికాను. అబద్ధం ఎందుకు, ఉన్నదే చెబుతున్నాను. కాళ్ళ నొప్పులన్నాను, సంఘం అధ్యక్షుడు ఊళ్ళో లేడనుకున్నాను. ఆయన ఊళ్ళోనే ఉన్నాడు. తెల్లవారి కట్ట మీదికి పోయేసరికి అందరూ ఉన్నారు. గంపలు పట్టుకుని ఎనిమిది మంది ఆడవాళ్ళు, వలలు విప్పుతున్న నలుగురు మగవాళ్ళు, బీడీ కాలుస్తూ అధ్యక్షుడు రాంచంద్ర. ఒక పక్కగా యశోద కూడా ఉంది. ఆమె ఈ మధ్యే బేసిన్ పట్టుకుని అమ్మకానికి వస్తోంది.

"అందరు జర ఇనుండ్రి" అన్నాను. చేపలమ్మే గొంతు నాది, కట్ట చివరిదాకా పోతుంది. "బాలేష్ సచ్చిన దినం నేను లింగం ముఖం చూడలే. లింగం తెప్ప అవుతలికి పోయింది, గంతే చూసిన. కోర్టుల ముఖం చూసిన అన్నది నా పొగరుకు అన్న. అబద్ధం. లింగం పోయిండని నేను చెప్పలేను."

నా పక్క పీట మీద అమ్మే అరుణజ్యోతి మెల్లగా, "ఎంత ముట్టింది సక్కక్కా?" అన్నది.

"ఏమన్నవే?"

"నిన్న పొద్దుగాల లింగం ఇంటి ముంగట నిన్ను చూసిన. ఇయ్యాల గిట్ల మాట్లాడుతున్నవ్. మేమేమన్న అన్నం తింటలేమా?"

ఎవరో కిసుక్కున నవ్వారు. "కోర్టుల ఒక మాట, కట్ట మీద ఒక మాట" అన్నారు ఇంకెవరో. రెండేళ్ళ కింద నేను కూసిన కూతను ఒక్కరు కూడా నన్ను మళ్ళీ అడగకుండా నమ్మారు. నోరు తెరిచి నిజం చెబితే నా కొంగు కింద ఏం దాచానో అని చూస్తున్నారు.

రాంచంద్ర బీడీ పారేసి దగ్గరికి వచ్చాడు. ఆయన మాటలో ఎకసెక్కం లేదు. "సరే సక్కు. లింగం గాకుంటే గా పొద్దు తెప్ప మీద ఎవలున్నరు? గిన్నేండ్ల సంది నీకు తెల్వకుంట గీ చెరువుల తెప్ప కదిలిందా? గదొక్కటి చెప్పు, లింగంను రేపే నీళ్ళల్లకు దించుత."

అందరూ నా వైపే చూశారు. మాట నాలుక కొసకు వచ్చేసింది. బాలేషే ఉండె, నేను చూసిన. అంతే చాలు. అది నిజం కూడా కావచ్చు, నిజమేనని నా మనసుకు అనిపిస్తోంది. ఆ ఒక్క ముక్క కలిపితే లింగం రేపు నీళ్ళలోకి దిగుతాడు, వాళ్ళ అమ్మ బోరింగు దగ్గర తల ఎత్తుతుంది, అరుణజ్యోతి నోరు మూతపడుతుంది. ఎంత సులువు! అప్పుడు కూడా ఇంతే సులువుగా వచ్చింది. యశోద బేసిన్ చంకలో పెట్టుకుని నా పెదవుల వైపే చూస్తోంది.

"తెల్వది" అన్నాను.

"ఏందీ?"

"ఎవలున్నరో నాకు తెల్వదన్నా. నేను చూడలే."

"సక్కుబాయికి తెల్వదంట!" అని అరుణజ్యోతి చప్పట్లు కొట్టింది. నవ్వులు కట్ట మీది నుంచి నీళ్ళ దాకా పోయాయి. రాంచంద్ర తల అడ్డంగా ఊపి, సంఘంలో మాట్లాడదాంలే అని వెళ్ళిపోయాడు. ఆ మాట అంటే ఇక లేనట్టేనని మా అందరికీ తెలుసు. ఒక్కరూ నమ్మలేదు. పళ్ళు బిగబట్టుకుని, ఇంకో ముక్క కలపకుండా అక్కడే నిలబడ్డాను.